పేరెవరిది? పైసలెవరివి?

కొన్ని విషయాలు మనం మాట్లాడుకోం. గదిలో ఆరుగురు ఉంటాం. జీతం గురించి, వీసా గురించి, ఊళ్లో బోరు ఎండిపోయిన సంగతి, చెల్లెలి పెళ్లి సంబంధం... అన్నీ మాట్లాడుకుంటాం. రాత్రి లైటు ఆర్పాక మాత్రం ఎవరి ఫోను వాళ్లది, ఎవరి దుప్పటి వాళ్లది. ఆ దుప్పటి కింద ఏం చూస్తున్నారో ఎవరూ అడగరు, ఎవరూ చెప్పరు. ఇల్లూ వాకిలీ వదిలి ఏళ్ల తరబడి ఒంటరిగా ఉండే మగవాళ్ల సంగతి తెలియనిదేం కాదు.

ఆ ఫోను తెర మీద కనిపించే మనుషుల్లో ఒక వర్గం గురించే ఈ వ్యాసం. వాళ్లు ట్రాన్స్‌జెండర్ నటులు. పెద్దల వీడియోల సైట్లలో బాగా పెద్దదైన పోర్న్‌హబ్ 2022 సంవత్సరాంతంలో తన లెక్కలు తానే బయటపెట్టింది. వీళ్ల విభాగానికి ప్రపంచంలో ఏడో స్థానం, అమెరికాలో మూడో స్థానం! అంటే చూసేవాళ్లకు కొదవ లేదు. మరి అదే మనిషి పగటిపూట వచ్చి ఇల్లు అద్దెకు అడిగితే? పనిలో పెట్టుకోమంటే? అప్పుడు తలుపులు ఎందుకు మూసుకుంటాయి?

చూడొచ్చా, చూడకూడదా అన్న పంచాయితీ నేను పెట్టడం లేదు. అది ఎవరి మనసుకు వాళ్లు చెప్పుకోవలసిన మాట. గల్ఫులో ఉన్న మనోళ్లకైతే చట్టమే వేరు, జాగ్రత్త. నేను సివిల్ డిప్లొమా చేసి కట్టుబడి పనుల్లో బతుకుతున్నవాణ్ణి. ఏ పని చూసినా నాకు మూడే ప్రశ్నలు. మస్టర్లో పేరు ఎవరు రాస్తున్నారు? డబ్బు లెక్క ఎవరి చేతిలో ఉంది? వద్దనుకుంటే వెళ్లిపోయే దారి ఉందా? ఈ పనికీ అవే మూడు ప్రశ్నలు వేసి చూద్దాం.

సన్మానం చేస్తూ తిట్టడం

ముందు పేరు సంగతి. అమెరికాలో పెద్దల సినిమాలకు ఒక పరిశ్రమ ఉంది. దానికి సొంత పత్రికలు, సొంత అవార్డులు ఉన్నాయి. ఏవీఎన్ అనే వ్యాపార పత్రిక ఏటా జనవరిలో లాస్ వెగాస్‌లో ఇచ్చే అవార్డులు అందులో పేరున్నవి. ట్రాన్స్ నటుల కోసమే ప్రత్యేకంగా 2008లో ఇంకో అవార్డు మొదలైంది. దాని పేరు 'ట్రానీ అవార్డ్స్'. ఆ మాట ఇంగ్లీషులో ఎంత గుచ్చుకుంటుందంటే, మన దగ్గర 'కొజ్జా' అని పిలిచినంత. శాలువా కప్పుతూ తిట్టడమన్నమాట!

ఆ అవార్డు పెట్టింది ట్రాన్స్ నటుల వీడియోలు అమ్మే కంపెనీయే. కొనేవాళ్లు ఏ మాటతో వెతుకుతారో ఆ మాటే సరుకు మీద లేబుల్ అయిపోయింది. ఆ మాట పడే మనిషికి ఎలా ఉంటుందన్నది లెక్కలో లేదు. అభ్యంతరాలు పెరిగాక 2014లో దాన్ని 'ట్రాన్స్‌జెండర్ ఎరోటికా అవార్డ్స్' అని మార్చారు. ఒక్క మాట మారడానికి ఆరేళ్లు పట్టింది.

పేరులో ఏముందిలే అంటారేమో. సిమెంటు బస్తా మీద గ్రేడు తప్పు పడితే గోడ ఊరుకుంటుందా? మనిషి మీద తప్పుడు పేరు పడితే ఆ పేరే ముందు నడుస్తుంది, మనిషి వెనక్కి పోతాడు. 'తేడా', 'పాయింట్ ఫైవ్'... మన గదుల్లో నవ్వులాటకు వాడే ఈ మాటలు కూడా అలాంటి లేబుళ్లే. వాళ్లు పెట్టుకున్నవి కావు, మనం అంటించినవి.

'మేమే తీసుకుంటాం'

అయితే వీళ్లంతా నోరు లేనివాళ్లనుకుంటే పొరపాటు. బక్ ఏంజెల్ సంగతి చూడండి. అమ్మాయిగా పుట్టి, మగవాడిగా బతుకుతున్న మనిషి. ఇలాంటివాళ్లను ట్రాన్స్ పురుషులంటారు. ఆయన ఈ రంగంలోకి వచ్చేనాటికి ట్రాన్స్ అంటే ఆడవేషమే అన్నది మార్కెట్ లెక్క. గడ్డం, కండలు, పచ్చబొట్లు ఉన్న ట్రాన్స్ మనిషికి అందులో చోటే లేదు. చోటు లేకపోతే ఏం చేశాడు? సొంతంగా కంపెనీ పెట్టుకున్నాడు, సొంతంగా సినిమాలు తీసుకున్నాడు. 2007లో ఏవీఎన్ వాళ్లు ట్రాన్స్ విభాగంలో ఉత్తమ నటుడి అవార్డు ఆయనకే ఇచ్చారు. ఒక ట్రాన్స్ పురుషుడికి ఆ అవార్డు రావడం అదే మొదటిసారి.

మూడేళ్ల తర్వాత, 2010లో, టోబీ హిల్ మేయర్ అనే ట్రాన్స్ మహిళ ఒక సినిమా తీసింది. దాని పేరుకు తెలుగులో అర్థం చెప్పాలంటే 'మా పని మేమే చేసుకుంటున్నాం'. ట్రాన్స్ మహిళల గురించి ట్రాన్స్ మహిళే కెమెరా వెనక నిలబడి తీసిన సినిమా. ఏ దృశ్యంలో ఏం చేయాలి, ఏం చేయకూడదు అన్నది తెర మీద ఉన్నవాళ్లతో మాట్లాడుకుని తీసింది. అంతకుముందు నాలుగేళ్ల నుంచీ కెనడాలోని టొరంటోలో స్త్రీవాద దృష్టితో తీసిన పెద్దల సినిమాలకు విడిగా అవార్డులు ఇస్తున్నారు. ఆ ఏడు కొత్త దర్శకుల అవార్డు ఈమెకే వచ్చింది.

చెప్పొచ్చేదేమిటంటే, తెర మీద ఒళ్లు చూపించినంత మాత్రాన మనిషి పెత్తనం పోయినట్టు కాదు. దుస్తులన్నీ ఒంటి మీదే ఉన్నా పెత్తనం లేని పనులు లోకంలో ఎన్ని లేవు? తేడా వచ్చేది ఒప్పందం కాగితం ఎవరు రాశారు, 'ఆపు' అంటే ఆగుతుందా అన్న దగ్గరే.

గుత్త పని బతుకు

ఇక డబ్బు. ఇది మనకు బాగా తెలిసిన లెక్కే.

పెద్దల సినిమాలో నటించేవాళ్లలో ఎక్కువమంది కంపెనీ ఉద్యోగులు కారు. దృశ్యానికి ఇంత అని గుత్త మాట్లాడుకుంటారు. అమెరికాలో ఇలాంటి పనివాళ్లను '1099' అంటారు. ఏడాది చివర చేతికిచ్చే పన్ను ఫారం నంబరు అది. మా కట్టుబడి పనుల్లోనూ ఈ 1099 బాపతు కోకొల్లలు. ఇన్సూరెన్స్ లేదు, ఓవర్‌టైం లేదు, పని అయిపోతే నువ్వెవరో నేనెవరో. అయితే మనం కట్టిన గోడను ఎవరూ పదివేల సార్లు అమ్మరు. వాళ్ల వీడియోను అమ్ముతారు! ఒకసారి గుత్త డబ్బు తీసుకున్నాక ఆ వీడియో ఎన్నేళ్లు ఆడినా, ఎన్ని సైట్లకు ఎక్కినా మామూలుగా నటులకు రూపాయి రాదు. హాలీవుడ్ నటులకు సంఘం ఉంది, సినిమా మళ్లీ వేస్తే వాటా వస్తుంది. వీళ్లకు ఆ ఏర్పాటు లేదు.

చట్టం వీళ్లను పూర్తిగా వదిలేసిందా అంటే అదీ కాదు. 1988లో కాలిఫోర్నియా సుప్రీంకోర్టు ఫ్రీమన్ కేసులో ఒక తీర్పు చెప్పింది. సినిమా కోసం నటులకు డబ్బిచ్చి తీయడం వ్యభిచారం కిందికి రాదు అని. ఆ తీర్పు అండతోనే లాస్ ఏంజెలెస్ పక్కనున్న సాన్ ఫెర్నాండో లోయలో ఈ పరిశ్రమ బాహాటంగా నిలబడింది. అదే ఏడాది వచ్చిన కేంద్ర చట్టం ప్రకారం ప్రతి నటుడి వయసు రుజువు, అసలు పేరు నిర్మాత దగ్గర ఫైల్లో ఉండాలి. పిల్లల్ని ఈ రొంపిలోకి లాగకుండా పెట్టిన మంచి నిబంధన అది. కానీ ట్రాన్స్ నటులకు అందులో ఒక ముల్లు ఉంది. గుర్తింపు కార్డులో పాత పేరుంటే ఆ పాత పేరే ఫైలుకు ఎక్కుతుంది. వదిలేసి వచ్చిన పేరు కాగితం రూపంలో ఎవరో ఒకరి బీరువాలో ఉంటుంది.

ఇష్టమా? గతిలేకా?

మూడో ప్రశ్న అన్నిటికంటే బరువైనది. వద్దనుకుంటే వెళ్లిపోయే దారి ఉందా?

2015లో అమెరికా అంతటా ట్రాన్స్ మనుషుల మీద పెద్ద సర్వే జరిగింది. 27,715 మంది జవాబులిచ్చారు. వాళ్లలో నూటికి 29 మంది పేదరికంలో ఉన్నారు. నిరుద్యోగం 15 శాతం, అంటే అప్పటి దేశ సగటుకు మూడు రెట్లు. జీవితంలో ఎప్పుడో ఒకప్పుడు డబ్బు కోసం సెక్స్ వర్క్ చేశామన్నవాళ్లు 12 శాతం. ఉద్యోగంలో ఉన్నవాళ్లను అడిగితే, ఆ ఒక్క ఏడాదిలోనే ముప్ఫై శాతం మందికి ఉద్యోగం ఊడడమో, ప్రమోషన్ ఆగడమో, వేధింపో ఎదురైంది.

ఎయిమీ స్టీఫెన్స్ పేరు మీరు వినే ఉంటారు. మిషిగన్ రాష్ట్రంలో అంత్యక్రియల సంస్థలో పనిచేసేది. ఇకనుంచి మహిళగా పనికి వస్తానని 2013లో యజమానికి ఉత్తరం రాసింది. రెండు వారాలకు ఉద్యోగం పోయింది. కోర్టుకెక్కింది. కేసు నడిచి నడిచి దేశ సుప్రీంకోర్టుకు చేరింది. 2020 జూన్ 15న తీర్పు వచ్చింది. ట్రాన్స్ అన్న కారణంతో ఉద్యోగం తీసేయడం 1964 నాటి పౌరహక్కుల చట్టానికి విరుద్ధం అని, ఆరుగురు జడ్జీలు ఒకవైపు, ముగ్గురు ఒకవైపు. గెలిచింది. కానీ ఆ మాట వినడానికి ఆమె లేదు. నెల ముందే, మే నెలలో కన్నుమూసింది.

ఇప్పుడు చెప్పండి. శవపేటికల దగ్గర పనికి కూడా రావద్దన్న మనిషికి కెమెరా ముందు పని ఒక్కటే దొరికితే, దాన్ని ఇష్టం అనాలా? గతిలేకపోవడం అనాలా?

అలాగని అందర్నీ ఒకే గాటన కట్టకూడదు. 'నాకు ఈ పని నచ్చింది, నా ఒళ్లు అసహ్యం కాదు, అందమే అని మొదటిసారి ఇక్కడే అనిపించింది' అనే నటులూ ఉన్నారు. వాళ్ల మాటను వాళ్ల మాటగానే వినాలి. 'పాపం, అమాయకులు' అని జాలిపడడం కూడా ఒక రకంగా వాళ్ల నోరు నొక్కడమే. మన గురించీ అంతేగా? ఎడారిలో నలభై అయిదు డిగ్రీల ఎండలో పనిచేసేవాడు ఇష్టపడే వెళ్లాడు, గతిలేకా వెళ్లాడు. రెండూ నిజమే. రెండో పని దొరికే అవకాశం ఎంత ఎక్కువుంటే, మొదటి పనిలో మాట అంత చెల్లుతుంది. ఈ సూత్రం మనకైనా, వాళ్లకైనా ఒకటే.

కొత్త మేస్త్రీలు వచ్చారు

2016లో లండన్‌లో ఓన్లీఫ్యాన్స్ అనే సైటు మొదలైంది. ఇందులో మధ్యలో నిర్మాత లేడు. నటులే వీడియో తీసుకుంటారు, నటులే ధర పెట్టుకుంటారు. చూసేవాళ్లు నెలకింత అని కడతారు. అందులో 80 శాతం నటులకు, 20 శాతం సైటుకు. ట్రాన్స్ నటులకు ఇది పెద్ద ఊరట. ఏ పేరుతో కనిపించాలి, ఎవరితో నటించాలి, ఎప్పుడు మానేయాలి... అన్నీ సొంత నిర్ణయాలే.

మరి సమస్య తీరిందా? మేస్త్రీ పోయాడు గానీ మేస్త్రీకి తాత వచ్చాడు. ఆ తాత పేరు క్రెడిట్ కార్డు! 2020 డిసెంబర్‌లో పోర్న్‌హబ్‌లో బలవంతపు వీడియోలు, మైనర్ల వీడియోలు ఉన్నాయని న్యూయార్క్ టైమ్స్‌లో కథనం వచ్చింది. వీసా, మాస్టర్‌కార్డ్ ఆ సైటుకు చెల్లింపులు ఆపేశాయి. సైటు వాళ్లు ఎవరు పెట్టారో రుజువు లేని వీడియోలన్నీ తీసేశారు. మొత్తంలో సగానికి పైగా ఒక్కసారిగా మాయం! బాధితులకు అది న్యాయమే, కాదనలేం. కానీ తమ వీడియో తాము అమ్ముకుని బతికేవాళ్ల చెల్లింపులూ అదే దెబ్బకు ఆగాయి. ఆ మరుసటి ఏడాది 2021 ఆగస్టు 19న ఓన్లీఫ్యాన్స్ కూడా ఇకపై అలాంటి వీడియోలు కుదరవని ప్రకటించింది. బ్యాంకుల ఒత్తిడే కారణమంది. గోల రేగితే ఆరు రోజులకే వెనక్కి తగ్గింది. ఆ ఆరు రోజులు ఎంతమందికి నిద్ర పట్టిందో!

అంతకుముందు 2018 ఏప్రిల్‌లో ఫోస్టా అనే చట్టం వచ్చింది. మనుషుల అక్రమ రవాణాను అరికట్టాలన్నది దాని ఉద్దేశం. కేసులకు భయపడి చాలా సైట్లు వ్యక్తిగత ప్రకటనల పేజీలే ఎత్తేశాయి. తోటివాళ్లను హెచ్చరించుకునే దారులు, ముందే ఆరా తీసుకునే దారులు కూడా వాటితోపాటు మూసుకుపోయాయని, వీధి పని పెరిగి ప్రమాదం పెరిగిందని సెక్స్ వర్కర్ల సంఘాలు మొత్తుకున్నాయి. 2025 జూన్ 27న సుప్రీంకోర్టు టెక్సాస్ చట్టాన్ని సమర్థించింది. పెద్దల సైట్లు చూసేవాళ్ల వయసు రుజువు అడగాలన్న చట్టమది. పిల్లల్ని కాపాడాలనడంలో ఎవరికీ అభ్యంతరం లేదు. అయితే నియమాలు రాసే బల్ల దగ్గర ఈ నటులకు కుర్చీ వేసినవాళ్లు తక్కువ. 2025 జనవరిలోనే పాస్‌పోర్టులో పుట్టినప్పటి లింగమే రాయాలని ప్రభుత్వం ఆదేశించింది, నవంబర్‌లో దాని అమలుకు సుప్రీంకోర్టు ఒప్పుకుంది. పేరు కోసం గొడవ అవార్డుల వేదిక మీద కొంత తీరితే, కాగితాల దగ్గర మళ్లీ మొదలైందన్నమాట.

తెర మీద మనిషి

పెద్దల వీడియోల బయట కూడా వీళ్ల బొమ్మ మారుతూ వచ్చింది. 2015లో వచ్చిన 'టాంజరీన్' సినిమా ఐఫోన్‌తో తీశారు. లాస్ ఏంజెలెస్ వీధుల్లో ఇద్దరు ట్రాన్స్ సెక్స్ వర్కర్ల క్రిస్మస్ ముందురోజు కథ. ఆ పాత్రలు వేసింది ట్రాన్స్ మహిళలే. వాళ్లలో మయా టేలర్‌కు 2016లో స్పిరిట్ అవార్డు వచ్చింది. ట్రాన్స్ నటుల్లో ప్రతిభకు కొదవ లేదు, మీ తర్వాతి సినిమాలో తీసుకోండి అని ఆమె వేదిక మీదే నిర్మాతలను అడిగింది. 2023లో డి. స్మిత్ అనే ట్రాన్స్ మహిళ 'కొకోమో సిటీ' అనే డాక్యుమెంటరీ తీసింది. కెమెరా ఆమె చేతిలోనే ఉంది. నలుగురు నల్లజాతి ట్రాన్స్ సెక్స్ వర్కర్లు తమ బతుకును తమ నోటితో, నవ్వుతూ, తిడుతూ చెప్పుకొచ్చారు. సండాన్స్ చిత్రోత్సవంలో జనం మెచ్చి అవార్డిచ్చారు. మూడు నెలలు తిరగకముందే ఆ నలుగురిలో ఒకరైన కోకో డా డాల్‌ను అట్లాంటాలో ఎవరో కాల్చి చంపారు. తెర మీద చప్పట్లు పడ్డాయి, వీధిలో తూటా పడింది.

మన దగ్గరో? స్త్రీ పాత్రలకు ప్రాణం పోసిన స్థానం నరసింహారావు గారికి 1956లో పద్మశ్రీ ఇచ్చి గౌరవించుకున్నాం. వేషం కట్టినవాడికి హారతి పట్టాం. నిజంగా అలా బతికేవాళ్లకు మాత్రం సినిమాలో కామెడీ ట్రాకే మిగిల్చాం. 2011లో 'కాంచన' వచ్చినప్పుడు ట్రాన్స్ పాత్రకు హాలంతా కంటతడి పెట్టింది. కానీ ఆ పాత్ర వేసింది శరత్‌కుమార్. 2019లో తమన్నా సింహాద్రి, 2021లో ప్రియాంక సింగ్ తెలుగు బిగ్ బాస్ ఇంట్లోకి వెళ్లాకే, ట్రాన్స్ మహిళలు తమ పేరుతో, తమ మాటతో రోజూ మన నట్టింట్లో కనిపించారు. పుస్తకం సంగతికొస్తే, ఎ. రేవతి ఆత్మకథను పి. సత్యవతి గారు 'ఒక హిజ్రా ఆత్మకథ'గా తెలుగు చేశారు. ఆ అనువాదానికి 2019 సాహిత్య అకాడమీ బహుమతి వచ్చింది. ఇంటి నుంచి వచ్చేవాళ్లెవరైనా ఉంటే ఒక కాపీ తెప్పించుకోండి. గదిలో ఆరుగురూ చదవొచ్చు, దుప్పటి అక్కర్లేదు!

మనం చేయగలిగింది

పెద్ద పెద్ద చట్టాలు మన చేతిలో లేవు. చిన్న పనులు ఉన్నాయి. ఎవరివో వీడియోలు, వాళ్లకు తెలియకుండా తీసినవి వాట్సాప్‌లో వస్తే ముందుకు తోయకండి. అమెరికాలో ఉన్నవాళ్లకు ఇది నీతి మాట మాత్రమే కాదు. సమ్మతి లేని అలాంటి వీడియోలను, కంప్యూటర్‌తో చేసిన దొంగ బొమ్మలను నెట్‌లో బయటపెట్టడం 2025 మే 19న సంతకమైన చట్టంతో దేశమంతటా నేరమైంది. ఊరికే దొరికే వీడియోల్లో దొంగిలించి ఎక్కించినవి ఎన్నో ఉంటాయనీ, చేసిన మనిషికి అందులోంచి పైసా ముట్టదనీ గుర్తుంచుకోండి. కూలి ఎగ్గొట్టడం అంటే ఏమిటో మనకు వేరే చెప్పాలా?

ఇక పనిచోట. మా సైటులో గోడలకు జిప్సం బోర్డులు బిగించే ముఠాలో ఒక ట్రాన్స్ మహిళ ఉంది. పనిలో ముక్కు సూటి మనిషి. జాయింటు దగ్గర గీత కనపడనివ్వదు. జీతం చెక్కు మీద ఇంకా పాత పేరే వస్తుంది, కోర్టు కాగితాలు తేలేదాకా అంతేనట. ముఠాలో ఒకరిద్దరు ఆ పాత పేరుతోనే కేకేసేవారు. ఆమె ఎవరితోనూ తగువు పడలేదు. ఒకరోజు నల్ల మార్కర్ తీసుకుని తన హెల్మెట్ మీద ముందువైపు పెద్ద అక్షరాలతో తన పేరు రాసుకుంది. పొద్దున సేఫ్టీ మీటింగులో నేను హాజరు పిలిచేటప్పుడు ఆ హెల్మెట్ చూసే పిలుస్తాను. 'హియర్' అంటుంది. వారం తిరగకుండా మిగతావాళ్లకూ ఆ పేరే నోట్లో నానింది.